మంత్రా ఎంఎఫ్‌ఎస్ 110 రివ్యూ: మీ వేలికన్నా ముందు మిషన్ తన పేరు చెప్పుకోవాలి

మీసేవ కౌంటర్‌లో, సీఎస్‌సీ అనే కామన్ సర్వీస్ సెంటర్‌లో, ఆధార్‌తో డబ్బులిచ్చే మినీ బ్యాంకులో, సిమ్ కార్డుల షాపులో ‘థంబ్ పెట్టండి’ అంటూ ముందుకు జరిపే చిన్న డబ్బాల్లో మంత్రా కంపెనీ ఎంఎఫ్‌ఎస్ 110 ఒకటి. అహ్మదాబాద్ కంపెనీ. ఒక యూఎస్‌బీ వైరు, 500 డీపీఐ ఆప్టికల్ సెన్సర్, వేలు పెట్టే గాజు. పైకి కనిపించేది అంతే. ధర మూడు వేలకు కాస్త అటూ ఇటూ. షాపుల వాళ్ల దగ్గర ఇలాంటి మిషన్ల గురించి తరచూ వినిపించే ఫిర్యాదు ఒకటుంది: ‘లైటు వెలుగుతోంది, ఫింగర్ పడుతోంది, ట్రాన్సాక్షన్ మాత్రం అవ్వట్లేదు.’ ఇలాంటప్పుడు గాజును ఎంత తుడిచినా లాభం లేదు. ఈ మిషన్ వేలిముద్రతో పాటు తన సొంత గుర్తింపును కూడా పంపుతుంది. ఆ గుర్తింపు చెల్లితేనే ఆధార్ సర్వర్ వేలిముద్ర దాకా వెళ్తుంది. అందుకే ఈ రివ్యూలో ఎక్కువ భాగం ఆ కనబడని గుర్తింపు గురించే. సెన్సర్ సంగతి తర్వాత కొంచెం.

యాప్‌లో క్యాప్చర్ నొక్కాక తిరిగి వచ్చేది వేలిముద్ర బొమ్మ కాదు, పిడ్ డేటా అనే ఎక్స్‌ఎంఎల్ ముక్క, అంటే కంప్యూటర్లు చదువుకునే పద్ధతిలో రాసిన వివరాలు. అందులో వేలిముద్ర, తీసిన సమయం కలిపి ఏఈఎస్ 256 అనే గట్టి ఎన్‌క్రిప్షన్ పద్ధతితో తాళం వేసి ఉంటాయి. ఆ తాళంచెవిని కూడా ఆధార్ నడిపే సంస్థ ఉడాయ్ పబ్లిక్ కీతో (దానితో ఎవరైనా మూయగలరు, విప్పడం ఉడాయ్‌కే వస్తుంది) మళ్లీ మూసి పంపుతారు. కాబట్టి షాపు కంప్యూటర్ గానీ, యాప్ కంపెనీ గానీ, మధ్యలో ఉన్న బ్యాంకు గానీ దాన్ని విప్పలేవు. దాని పక్కనే డివైస్ ఇన్ఫో అని ఇంకో ముక్క ఉంటుంది. తెర మీద ఎక్కడా చూపించరు గానీ అసలు కథంతా అక్కడే. ఆరు వివరాలు: డీపీ ఐడీ అంటే మిషన్ ఏ కంపెనీదో చెప్పే కోడ్, ఆర్‌డీఎస్ ఐడీ అంటే సర్టిఫై అయిన ఏ ఆర్‌డీ సర్వీస్ (మిషన్‌ని ఆధార్ యాప్‌లతో కలిపే రిజిస్టర్డ్ డివైస్ సాఫ్ట్‌వేర్) నడుస్తోందో, ఆర్‌డీఎస్ వెర్షన్, ఎంఐ అంటే మోడల్, డీసీ అంటే ఈ ఒక్క మిషన్‌కే ఉండే కోడ్, ఎంసీ అంటే ఈ మిషన్‌కి కంపెనీ సంతకం పెట్టి ఇచ్చిన సర్టిఫికెట్.

ఎంఎఫ్‌ఎస్ 110లో డీపీ ఐడీ దగ్గర ‘మంత్రా డాట్ ఎంఎస్‌ఐపీఎల్’ అని, ఎంఐ దగ్గర ‘ఎంఎఫ్‌ఎస్110’ అని వస్తుంది. ఆర్‌డీఎస్ ఐడీ దగ్గర ‘రెనెసాస్ డాట్ మంత్రా డాట్ 001’ అని కనిపిస్తే కంగారు పడకండి, వేరే కంపెనీ మిషన్ అంటగట్టారని కాదు. రెనెసాస్ చిప్పుల కంపెనీ పేరు. పాత ఎంఎఫ్‌ఎస్ 100లో అదే చోట ‘మంత్రా డాట్ విన్ డాట్ 001’ అని వచ్చేది, అంటే విండోస్‌లో నడిచే సాఫ్ట్‌వేర్ అని. ఈ ఒక్క పదం మారడంలోనే పాత ఎల్0 భద్రతా స్థాయికీ కొత్త ఎల్1 స్థాయికీ ఉన్న తేడా అంతా ఉంది.

ఎల్0 మిషన్‌లో సెన్సర్ వేలిముద్ర తీసి యూఎస్‌బీ వైరు గుండా కంప్యూటర్‌కి ఇస్తుంది. సంతకం పెట్టడం, తాళం వేయడం కంప్యూటర్‌లోని ఆర్‌డీ సర్వీస్ పని. సంతకం పెట్టే రహస్య కీ కూడా ఆ కంప్యూటర్ లేదా ఫోనులోనే ఉంటుంది. అంటే సెన్సర్‌కీ సాఫ్ట్‌వేర్‌కీ మధ్య దూరి, ఎప్పుడో దాచుకున్న ముద్రను ఇప్పుడే తీసినట్టు అందించడానికి కనీసం ఒక సందు ఉంది. ఎల్1లో ఆ పని మిషన్ లోపలి సురక్షిత చిప్‌లోనే జరుగుతుంది. వైరులోకి వచ్చేసరికే సంతకం పడి, తాళం పడి ఉంటుంది. కీ బయటికి రాదు. ఆ సంతకం దేని మీద పడుతుందన్నది ముఖ్యం: వేలిముద్ర రికార్డు హ్యాష్ (ఆ రికార్డు నుంచి లెక్కకట్టిన చిన్న గుర్తు), తీసిన సమయం, మిషన్ డీసీ కోడ్, ఈ మూడూ కలిపిన దాని మీద. నిన్న తీసిన ముద్రను ఇవాళ్టి తేదీతో పంపినా, ఒక మిషన్‌లో తీసింది ఇంకో మిషన్ పేరుతో పంపినా సంతకం కుదరదు. ఎల్0 మిషన్లను ఉడాయ్ దశలవారీగా పక్కన పెట్టింది ఇందుకే. ఇప్పుడు ఎవరైనా ఎంఎఫ్‌ఎస్ 100ను సగం ధరకే ఇస్తామన్నా తీసుకోకండి, అది గాజున్న పేపర్ వెయిట్.

సర్టిఫికెట్ల గొలుసు కూడా తెలిసి ఉండటం మంచిది, ఎర్రర్ వచ్చినప్పుడు ఎవరికి ఫోన్ చేయాలో దాన్నిబట్టే తేలుతుంది. మిషన్ తయారు చేసే కంపెనీని ఉడాయ్ డివైస్ ప్రొవైడర్‌గా గుర్తిస్తుంది, ఆ కంపెనీ కీకి సర్టిఫికెట్ ఇస్తుంది. మిషన్ తన లోపల ఒక జత కీలు పుట్టించుకుని, పబ్లిక్ కీని, సీరియల్ నంబర్‌ని కంపెనీ మేనేజ్‌మెంట్ సర్వర్‌కి పంపుతుంది. ఆ సీరియల్ తమదేనా, ఆర్‌డీ సర్వీస్‌కి డబ్బు కట్టిన గడువు ఇంకా ఉందా అని చూసుకుని కంపెనీ దాని మీద సంతకం పెట్టి ఎంసీని తిరిగి పంపుతుంది. ఈ కీలు ఎప్పటికీ ఒకటే ఉండవు, మధ్యమధ్యలో మారుతుంటాయి. మారిన ప్రతిసారీ మిషన్‌కి నెట్ కావాలి, కంపెనీ సర్వర్ అందాలి. నాలుగు నెలలు బీరువాలో పడేసి తీసిన మిషన్ తగిలించగానే ‘నాట్ రెడీ’ అనడానికి తరచూ కారణం ఇదే. చెడిపోయి కాదు, పాత సర్టిఫికెట్ కాలం చెల్లి కొత్తది తెచ్చుకునే దాకా ఆగుతోంది. నెట్ ఉన్న చోట పది నిమిషాలు అలా వదిలేసి చూడండి, సర్వీస్ సెంటర్‌కి పంపడం తర్వాతి మాట.

ఇక ఇన్‌స్టాల్ సంగతి. విండోస్‌లో వరస తప్పితే గంటలు పోతాయి. మొదట మిషన్ వైరు తీసేయండి. పాత ఎంఎఫ్‌ఎస్ 100 ఆర్‌డీ సర్వీస్ ఉంటే తొలగించి ఒకసారి రీస్టార్ట్ చేయండి. ఎంఎఫ్‌ఎస్ 110 డ్రైవర్, ఆ తర్వాత ఎంఎఫ్‌ఎస్ 110 ఆర్‌డీ సర్వీస్, రెండూ అడ్మిన్ హక్కులతో వేయండి. అప్పుడు మిషన్ తగిలించండి. తగిలించేది సీపీయూ వెనక ఉన్న పోర్టులో. కరెంటు ఆధారం లేని యూఎస్‌బీ హబ్‌లో పెడితే లైటు వెలుగుతుంది గానీ క్యాప్చర్ మధ్యలో మిషన్ ఊడి మళ్లీ కలుస్తుంటుంది. విండోస్ సర్వీసుల జాబితాలో మంత్రా సర్వీసులు ‘రన్నింగ్’లో, ‘ఆటోమేటిక్’లో ఉన్నాయో చూసుకోండి. యాంటీవైరస్ వాటిని ఆపేస్తే మినహాయింపుల్లో చేర్చాలి.

ఎంఎఫ్‌ఎస్ 100 నుంచి 110కి మారిన వాళ్లకి ఒక సుఖం ఉంది. పాతదాంట్లో కీ కంప్యూటర్ దగ్గర ఉండేది కాబట్టి మిషన్‌ని ఇంకో కంప్యూటర్‌కి మార్చితే అక్కడ మళ్లీ రిజిస్టర్ అవ్వాల్సి వచ్చేది. 110లో కీ మిషన్‌తోనే ప్రయాణం చేస్తుంది. డ్రైవర్, సర్వీస్ కొత్త కంప్యూటర్‌లోనూ వేయాల్సిందే అనుకోండి, కానీ గుర్తింపు కొత్తగా పుట్టక్కర్లేదు. ఊరూరూ తిరిగి పింఛన్లు, ఖాతాల పనులు చేసే వాళ్లకి ఇది చిన్న విషయం కాదు.

ఆర్‌డీ సర్వీస్ కంప్యూటర్‌లో ఒక చిన్న వెబ్ సర్వర్‌లా కూర్చుంటుంది. చిరునామా 127.0.0.1 (అంటే ఆ కంప్యూటరే), పోర్టు, అంటే లోపలికి వెళ్లే తలుపు నంబరు, 11100 నుంచి 11120 లోపు ఏదో ఒకటి. బ్యాంకు సైటో, మీసేవ సైటో ఆ పోర్టులన్నీ వరసగా తట్టి, ఎవరు పలికితే వాళ్లతో మాట్లాడాలి. ఇక్కడే ఒక చిక్కు. ఒకే కంప్యూటర్‌లో మోర్ఫో, స్టార్‌టెక్, మంత్రా మూడింటి ఆర్‌డీ సర్వీసులూ వేసి ఉంటే ముందు లేచిన సర్వీస్ 11100 పట్టేసుకుంటుంది, మిగతావి 11101, 11102లకి జరుగుతాయి. సరిగ్గా రాసిన సైటు అన్నీ వెతుకుతుంది. బద్ధకంగా రాసిన సైటు 11100 ఒక్కటే చూసి ‘డివైస్ కనెక్ట్ చేయండి’ అంటుంది, మిషన్ ఎదురుగా వెలుగుతూనే ఉంటుంది. వాడని కంపెనీల ఆర్‌డీ సర్వీసులు తీసేయడమే తేలికైన మందు.

ఇంకో కొత్త చిక్కు బ్రౌజర్‌ది. ఈమధ్య క్రోమ్, ఏదైనా వెబ్‌సైటు మీ కంప్యూటర్‌లోని లేదా లోకల్ నెట్‌వర్క్‌లోని సర్వీసులతో మాట్లాడబోతే ముందు అనుమతి అడుగుతోంది. పైన వచ్చే ఆ చిన్న పెట్టెలో అలవాటుగా ‘బ్లాక్’ నొక్కేశారంటే ఆ సైటుకి ఇక మిషన్ కనబడదు. అడ్రస్ బార్ పక్కన సైట్ సెట్టింగ్స్‌లోకి వెళ్లి లోకల్ నెట్‌వర్క్ అనుమతిని ‘అలో’ చేయాలి. నిన్నటిదాకా బాగా పనిచేసి బ్రౌజర్ అప్‌డేట్ అయిన మర్నాడే ఆగిపోయిందంటే మొదట చూడాల్సింది ఇదే.

ఫోనులో అయితే ఓటీజీ, అంటే యూఎస్‌బీ మిషన్‌ని ఫోనుకి తగిలించే పద్ధతి. ప్లే స్టోర్ నుంచి ఎంఎఫ్‌ఎస్ 110 పేరున్న ఆర్‌డీ సర్వీస్ యాప్‌నే వేసుకోవాలి, 100 పేరున్నది దీనికి పనికిరాదు. ఒప్పో, వివో, రియల్‌మీ ఫోన్లలో ఓటీజీ స్విచ్ సెట్టింగ్స్‌లో విడిగా ఉంటుంది, కాసేపు వాడకపోతే తనంతట తానే ఆఫ్ అయిపోతుంది. కస్టమర్‌ని కూర్చోబెట్టి ఆధార్ నంబర్ కొట్టేలోపు ఆఫ్ అయిపోవడం మామూలే. బ్యాటరీ సేవర్ జాబితాలోంచి ఆర్‌డీ యాప్‌ని తప్పించండి. ఫోను రూట్ చేసి (కంపెనీ పెట్టిన కట్టుబాట్లు తీసేసి) ఉన్నా, బూట్‌లోడర్ తెరిచి వేరే ఆపరేటింగ్ సిస్టమ్ వేసి ఉన్నా ఆర్‌డీ యాప్ మొరాయించే అవకాశం ఎక్కువ. ఎందుకంటే మిషన్ గుర్తింపుతో ఆగకుండా అది తగిలిన ఫోను కూడా నమ్మదగినదేనా అని గూగుల్ ఇంటెగ్రిటీ పరీక్షతో చూసుకుంటారు. షాపు పనికి తక్కువ ధరలో సెకండ్ హ్యాండ్ ఫోను కొనేవాళ్లు ఈ ఒక్కటీ ముందే చూసుకుంటే మంచిది.

మిషన్ చేతికి రాగానే చేయాల్సిన పరీక్ష ఒకటి చెప్తాం. కంపెనీ సైటులోని ఆర్‌డీ టెస్ట్ పేజీ తెరిచి ‘డివైస్ ఇన్ఫో’ అడగండి. మొదట స్టేటస్ ‘రెడీ’ అని రావాలి. వచ్చిన ఎక్స్‌ఎంఎల్‌లో మోడల్ ఎంఎఫ్‌ఎస్110 అని, అదనపు వివరాల్లో డివైస్ టైప్ ‘ఎల్1’ అని, ఎస్ఆర్ నంబర్ దగ్గర సీరియల్ ఉండాలి. ఆ సీరియల్‌ని మిషన్ అడుగున ఉన్న స్టిక్కర్‌తో, పెట్టె మీది నంబర్‌తో పోల్చండి. స్టిక్కర్ మార్చడం ఎవరికైనా వస్తుంది, లోపలి నంబర్ మార్చడం రాదు. మూడూ ఒకటి కాకపోతే ఆ రోజే వెనక్కి ఇచ్చేయండి.

ఇంకొంచెం లోతుకు వెళ్లాలనుకుంటే, ఎంసీ దగ్గర ఉన్న పొడుగాటి అక్షరాల వరసను మొత్తం కాపీ చేసి నోట్‌ప్యాడ్‌లో పెట్టి, ఫైలు పేరు చివర డాట్ సెర్ అని సేవ్ చేయండి. దాన్ని డబుల్ క్లిక్ చేస్తే విండోస్ మామూలు సర్టిఫికెట్‌లా తెరిచి చూపిస్తుంది: ఎవరు ఇచ్చారు, ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా చెల్లుతుంది. ఆ రెండో తేదీ దాటిపోయి ఉంటే ట్రాన్సాక్షన్ ఎందుకు పడట్లేదో ఇక కస్టమర్ కేర్ చెప్పక్కర్లేదు. ఈ పని చేయడానికి వేలు పెట్టాల్సిన అవసరం లేదు, ఎవరి వేలిముద్రా బయటికి రాదు.

ఎర్రర్లు రెండు చోట్ల నుంచి వస్తాయి. రెండింటినీ కలిపేసుకోవడం వల్లే మంచి మిషన్లు కొరియర్ ఎక్కుతుంటాయి. మొదటివి మిషన్ దగ్గరే పుట్టేవి. 700 అంటే చెప్పిన సమయంలో వేలు పెట్టలేదు. 710 అంటే వేరే యాప్ మిషన్‌ని పట్టుకుని ఉంది, రెండు బ్రౌజర్ ట్యాబుల్లో రెండు పోర్టళ్లు తెరిచిన చోట ఇది ఎక్కువ. 720 అంటే మిషన్ రెడీగా లేదు: వైరు, సర్వీస్, రిజిస్ట్రేషన్ ఈ మూడింట్లో ఒకటి. 730 అంటే ముద్ర సరిగా పడలేదు. 740 అంటే మిషన్‌ని మళ్లీ మొదలుపెట్టాలి, వైరు తీసి పెడితే చాలాసార్లు సరిపోతుంది.

రెండోవి ఆధార్ సర్వర్ చెప్పేవి. 300 అంటే వేలిముద్ర రికార్డుతో కలవలేదు. 330 అంటే ఆ మనిషి తన బయోమెట్రిక్స్‌ని లాక్ చేసుకున్నారు, ఉడాయ్ యాప్‌లో గానీ సైటులో గానీ వాళ్లే అన్‌లాక్ చేసుకోవాల్సిందే. 811 అంటే ఆ ఆధార్‌కి అసలు బయోమెట్రిక్ లేదు. ఈ మూడింట్లో మిషన్ తప్పేమీ లేదు. పైగా 300 వచ్చిందంటే మీ మిషన్ గుర్తింపు పాసై, వేలు దాకా వెళ్లిందన్నమాట, అది ఒకరకంగా శుభవార్తే. 520ల్లో వచ్చేవి అసలైన మిషన్ గుర్తింపు గొడవలు: 521 డీసీ చెల్లలేదు, 524 మోడల్ చెల్లలేదు, 527 సర్టిఫికెట్ చెల్లలేదు. వీటికి ఆర్‌డీ గడువు చూసుకుని, సర్వీస్ కొత్త వెర్షన్ వేసి, నెట్‌లో ఉంచి మళ్లీ రిజిస్టర్ కానివ్వాలి. అప్పటికీ అదే వస్తే కంపెనీకే ఫోన్. 501 లాంటివి ఎన్‌క్రిప్షన్ సర్టిఫికెట్‌కి సంబంధించినవి, పాత ఆర్‌డీ సర్వీస్‌లో ఉడాయ్ పాత పబ్లిక్ కీ ఉండిపోతే వస్తాయి, అప్‌డేట్ చేస్తే పోతాయి. 565, 569 కనిపిస్తే మీరు ఏమీ చేయలేరు: అవి మీకు యాప్ ఇచ్చిన సంస్థ లైసెన్సు, సంతకం తాలూకువి.

561, 562 ప్రత్యేకం. మొదటిది ‘ఈ ముద్ర తీసి చాలాసేపైంది’, రెండోది ‘ఇంకా రాని సమయంలో తీశారే’ అని సర్వర్ ప్రశ్న. మిషన్ అబద్ధం చెప్పట్లేదు, కంప్యూటర్ గడియారం చెప్తోంది. పాత డెస్క్‌టాప్‌లో మదర్‌బోర్డు మీది చిన్న బిళ్ల బ్యాటరీ అయిపోతే కరెంటు పోయిన ప్రతిసారీ తేదీ ఏళ్ల వెనక్కి పోతుంది. అప్పుడు ముద్ర సమయం తప్పడమే కాదు, కంపెనీ సర్వర్‌తో సురక్షిత కనెక్షన్ కూడా కుదరక మిషన్ ‘నాట్ రెడీ’ దగ్గరే నిలబడొచ్చు. సీఆర్ 2032 బిళ్ల మార్చి, విండోస్‌లో సమయం ఆటోమేటిక్‌గా పెట్టండి. అతి చవకగా తీరే సమస్య, అతి ఎక్కువగా మిషన్ మీదికి నెట్టే సమస్య కూడా ఇదే. 563 అంటే అదే ముద్రను రెండోసారి పంపారు. సబ్మిట్ రెండుసార్లు నొక్కినా, బ్యాక్ వెళ్లి మళ్లీ పంపినా వస్తుంది. కొత్తగా వేలు పెట్టించడం ఒక్కటే దారి. కానీ డబ్బుల లావాదేవీ అయితే అంతకుముందు మొదటిది పడిందో లేదో స్టేట్‌మెంట్‌లో చూసుకోండి.

ఆఫీసుల నెట్‌వర్క్‌లో ఇంకోటి తగులుతుంది. ప్రాక్సీ, ఫైర్‌వాల్ ఉన్న చోట బ్యాంకు పోర్టల్ తెరుచుకుంటుంది, మిషన్ కంపెనీ మేనేజ్‌మెంట్ సర్వర్ మాత్రం మూసి ఉంటుంది. కీ మార్చుకునే రోజు దాకా అంతా సవ్యంగా నడిచి, ఆ రోజు ఒక్కసారిగా ఆఫీసులోని మిషన్లన్నీ ‘నాట్ రెడీ’ అంటాయి. మొబైల్ హాట్‌స్పాట్‌కి కలిపి చూడండి. అప్పుడు రెడీ అయితే నెట్‌వర్క్ చూసే వాళ్లకి చెప్పాల్సిన విషయం దొరికినట్టే.

సెన్సర్ గురించి: ఈ ధరలో బాగానే ఉంది, అద్భుతం అనలేం. ఆప్టికల్ కాబట్టి ఎదురుగా ఎండ పడే కౌంటర్లో ముద్ర తెల్లబోతుంది, చేత్తో నీడ పట్టండి. పొలం పని, బట్టలుతికే పని, సున్నం సిమెంటు పని చేసే వేళ్లు పొడిబారి గీతలు అరిగి ఉంటాయి. తడిగుడ్డతో తుడిచి, ఆరాక, గట్టిగా నొక్కకుండా చదునుగా పెట్టించండి. గట్టిగా నొక్కితే గీతలు కలిసిపోతాయి. బొటనవేలే పట్టుకుని కూర్చోవద్దు. ఆధార్‌లో పది వేళ్లూ ఉంటాయి, ఉంగరం వేలో మధ్య వేలో తరచుగా మెరుగ్గా పడుతుంది. ‘క్యూ స్కోర్’ (ముద్ర ఎంత బాగా పడిందో చెప్పే మార్కు) చూపించే పోర్టల్ అయితే దాన్నిబట్టి వేలు ఎంచుకోవచ్చు. గాజు మీద శానిటైజర్ పోయకండి, మెత్తటి పొడి గుడ్డ చాలు. 110 లోపలే తాళం వేసే పని ఉండటం వల్ల పాత 100తో పోలిస్తే క్యాప్చర్ కాస్త నిదానం అనిపించొచ్చు, అది లోపం కాదు.

ఈ గుర్తింపు దేన్ని ఆపలేదో కూడా చెప్పాలి. మిషన్ అసలుదే, సర్టిఫికెట్ అసలుదే, పైన పెట్టిన వేలు మాత్రం రబ్బరుది అయితే? 2018లో తెలంగాణలో బయటపడిన కేసులో భూముల రిజిస్ట్రేషన్ పత్రాల మీది వేలిముద్రలను రబ్బరు స్టాంపులు చేసే పద్ధతిలో అచ్చు తీసి సిమ్ కార్డులు యాక్టివేట్ చేశారు. అక్కడ మిషన్ తన పేరు సరిగ్గానే చెప్పింది. ఉడాయ్ 2023లో తెచ్చిన పద్ధతిలో ముద్ర గీతల బిందువులతో పాటు వేలి బొమ్మను కూడా పంపించి, అది బతికున్న వేలేనా అని చూస్తోంది. అందుకే పాత యాప్‌లు బిందువులు మాత్రమే అడిగితే ఇప్పుడు తిరస్కారాలు వస్తాయి. ఎఫ్‌టైప్ 2, అంటే బిందువులూ బొమ్మా రెండూ పంపే కొత్త వెర్షన్ యాప్ కావాలి. మీ సొంత ఆధార్‌కి వచ్చేసరికి, అవసరం లేని రోజుల్లో బయోమెట్రిక్ లాక్ చేసుకోవడం మించిన రక్షణ ఇంకోటి లేదు.

డబ్బు లెక్క. మిషన్ ధర ఒక్కటే చూసి కొనకండి, ఆర్‌డీ సర్వీస్ గడువు అనేది వేరే ఖర్చు. గడువు అయిపోతే గాజు, లైటు, వైరు అన్నీ బాగుండి కూడా కంపెనీ కొత్త సర్టిఫికెట్ ఇవ్వదు, మిషన్ ఆగిపోతుంది. ఎన్నాళ్ల ఆర్‌డీ కలిపి ఇస్తున్నారో బిల్లు మీద రాయించుకోండి. రీఛార్జ్ కంపెనీ అసలు పోర్టల్‌లోనే చేయండి. వెతికితే పైన కనిపించే ‘ఆర్‌డీ రెన్యూవల్’ సైటులన్నీ కంపెనీవి కావు, కొన్ని ఎక్కువ తీసుకుంటాయి, కొన్ని డబ్బు తీసుకుని మాయమవుతాయి. కట్టాక సీరియల్ నంబర్ కొట్టి కొత్త గడువు తేదీ కనిపిస్తోందో లేదో చూసి, మిషన్ తీసి పెట్టి, సర్వీస్ రీస్టార్ట్ చేయండి. ఈ అద్దె పద్ధతి మాకు నచ్చలేదు. కొన్న వస్తువు వాడుకోవడానికి మళ్లీ మళ్లీ కట్టడం ఎవరికి నచ్చుతుంది? అయితే గుర్తింపు ఇచ్చే సర్వర్‌ని ఎవరో ఒకరు నడపాలి. కొనే ముందు మోర్ఫో, స్టార్‌టెక్ ఎల్1 మోడళ్లకి కూడా గడువు, రెన్యూవల్ ధర కలిపి మూడేళ్ల లెక్క వేసుకోండి.

ఎవరికి పనికొస్తుందంటే, రోజూ పది మందికైనా థంబ్ వేయించే వాళ్లకి. పింఛనుదారులు ఏడాదికోసారి జీవన్ ప్రమాణ్ (బతికే ఉన్నామని ఇచ్చే డిజిటల్ సర్టిఫికెట్) కోసం ఇది కొనడం దండగ. ఆధార్ ఫేస్ ఆర్‌డీ యాప్ ఉన్న మంచి ఆండ్రాయిడ్ ఫోనులో ముఖం చూపించి ఆ పని ఇంట్లోనే అయిపోతుంది. రేషన్ డీలర్లకి కూడా వేరే కొనే పని లేదు, రేషన్ ఇచ్చే ఈపోస్ మిషన్‌లోనే సెన్సర్ ఉంటుంది.

కొన్నాక బిల్లునీ, అడుగున ఉన్న సీరియల్ స్టిక్కర్‌నీ ఫోటో తీసి మిషన్‌తో సంబంధం లేని చోట దాచండి. ఈ మిషన్ మీద జరిగే ప్రతి లావాదేవీతోనూ దాని డీసీ కోడ్ వెళ్తుంది. దొంగతనం జరిగినా, పోయినా పోలీసు ఫిర్యాదులో సీరియల్ రాయించి, ఆ కాపీతో కంపెనీకీ, మీకు ఐడీ ఇచ్చిన బ్యాంకు లేదా సంస్థకీ అదే రోజు మెయిల్ పెట్టండి. అమ్మేసినా అంతే: ఎవరికి, ఏ తేదీన ఇచ్చారో సంతకంతో కాగితం తీసుకోండి, కంపెనీ పోర్టల్‌లో మీ మొబైల్ నంబర్ దానికి కట్టి ఉంటే మార్పించండి.